లయబ్రహ్మ ఆదిభట్ల నారాయణదాసు

కంటికి రెప్ప కలదు. చెవికి రెప్ప లేదు. చూడనొల్లని దానిని కన్ను మూసికొని తప్పించుకొనవచ్చును గాని, చుట్టును చెలరేగు ధ్వనులను చెవి తప్పించుకొనజాలదు. అయినను చెవిని బడిన ప్రతి ధ్వనియు మనస్సునకు చేరదు. సంతలో నడచు తల్లి వేయి కేకల నడుమ తన బిడ్డ పిలుపును గుర్తించును. తరగతిలో కూర్చున్న బాలుడు ఎదుట జరుగుచున్న పాఠమును ఒక్క ముక్కయైనను వినకపోవచ్చును. కాబట్టి వినబడుట వేరు, వినుట వేరు. వినుట యనునది మనస్సు చేయవలసిన పని. ఒక్క మనస్సు ఒక్క సమయమున ఎన్ని ధ్వనులను పట్టి నిలుపగలదో తన దేహమునే వాద్యముగా చేసికొని పరీక్షించి చూచిన మహాపురుషుడు ఆదిభట్ల నారాయణదాసు. ఆయన గాయకుడు, కవి, బహుభాషాపండితుడు. ఆంధ్రులు ఆయనను హరికథా పితామహుడనియు, లయబ్రహ్మ యనియు కీర్తించిరి.

నారాయణదాసు 1864వ సంవత్సరము ఆగస్టు 31వ తేదీన అజ్జాడ యను గ్రామమున జన్మించెను. ఆ గ్రామము నేటి పార్వతీపురం మన్యం జిల్లాలో, బలిజిపేట మండలమున నున్నది. తండ్రి వేంకటచయనులు, తల్లి నరసమ్మ. తల్లిదండ్రులు ఆయనకు పెట్టిన పేరు సూర్యనారాయణ. ఇంట ధనము స్వల్పము. విద్య మాత్రము సమృద్ధిగా నుండెను. తల్లి పనిపాటులు చేసికొనుచు భాగవత పద్యములను చదువుచుండగా, ఆ బాలుడు అక్షరములు నేర్వకమునుపే వానిని చెవితోనే నేర్చికొనెను. ఐదేండ్ల ప్రాయమున తల్లి వెంట దేవాలయమునకు పోయి, అచ్చట పుస్తకములు అమ్ముచున్న వానిని భాగవతము నిమ్మని అడిగెననియు, ఇంత పసివానికి ఈ గ్రంథమెందులకని అతడు నవ్వగా, పద్యములను వరుసగా పాడి వినిపించెననియు చెప్పుదురు. ఆ వర్తకుడు ఆశ్చర్యపడి పుస్తకమును ఊరకనే ఇచ్చెనట.

బాలునకు సంగీతమున గల ఆసక్తిని గుర్తించి పెద్దలు వాసా సాంబయ్యగారి యొద్ద శిక్షణ ఇప్పించిరి. సాంబయ్యగారు బొబ్బిలి ప్రాంతమున పేరెన్నికగన్న వైణికులు. అయితే ఆ శిక్షణ ఎక్కువ కాలము సాగలేదు. నారాయణదాసు గురువుల యొద్ద కూర్చుండి నేర్చిన సంగీతము అంతమాత్రమే. తక్కినదంతయు విని నేర్చినదే. భజన గోష్ఠులు, వీధి నాటకములు, యక్షగానములు, పొలములలో స్త్రీలు పాడుకొను పాటలు ఆయనకు పాఠశాలలైనవి. వినిన దానిని మరువకుండుట, వినిన రెండింటిని పోల్చి చూచుకొనుట, పోల్చిన దానిని తన గొంతున పలికించి సరిచూచుకొనుట అను మూడు అభ్యాసములు ఆయనకు చిన్ననాడే అలవడినవి.

అన్నగారు విజయనగరమున న్యాయవాదిగా నుండిరి. తమ్ముని తన యొద్దకు రప్పించి ఆంగ్ల పాఠశాలలో చేర్పించిరి. ఆ కాలమున ఆంగ్లము నేర్చిన యువకునకు ప్రభుత్వోద్యోగము గాని, న్యాయవాద వృత్తి గాని లభించుట సులభము. బీద కుటుంబమున పుట్టినవానికి అంతకంటె సురక్షితమైన మార్గము వేరొకటి లేదు. గజ్జె కట్టి, సభలో నిలిచి పాడువారికి రాజాశ్రయము దొరకినచో అన్నమున్నది, దొరకనిచో లేదు. పెద్దల దృష్టిలో ఆ వృత్తికి గౌరవము కూడ అంతంతమాత్రమే. ఇట్టి స్థితిలో 1883వ సంవత్సరమున మద్రాసు నుండి కుప్పుస్వామి నాయుడను కథకుడు విజయనగరమునకు వచ్చి హరికథ చెప్పెను. పందొమ్మిదేండ్ల నారాయణదాసు దానిని వినెను. తాను చిన్ననాటినుండి వేరువేరుగా ప్రేమించిన పద్యము, పాట, నృత్యము, లయ, వాక్చాతుర్యము అన్నియు ఒక్క కళలో కలిసియుండుట అతనికి గోచరించెను. వెంటనే ధ్రువ చరిత్రమును హరికథగా రచించి, విజయనగరమున వేణుగోపాలస్వామి ఆలయములో చెప్పెను. ఆనాటితో ఆయన దారి నిశ్చయమైనది. ఉద్యోగము కొరకు నేర్చిన ఆంగ్లము విడువలేదు. ఉద్యోగమును మాత్రము విడిచెను.

దేవుని కథలను పాడుచు చెప్పు పద్ధతి మహారాష్ట్రమున కీర్తనమను పేర చిరకాలముగా నుండెను. మరాఠా ప్రభువుల కాలమున అది తంజావూరునకు చేరి, అచ్చట కర్ణాటక సంగీతముతో కలిసి క్రొత్త రూపము దాల్చెను. నారాయణదాసుగారు దానిని తెలుగువారి సొత్తుగా తీర్చిదిద్దిరి. నాటకమునకు పదిమంది పాత్రధారులు కావలెను. హరికథకు ఒక్కడు చాలును. మెడలో పూలమాల, చేత చిడతలు, కాళ్లకు గజ్జెలు ధరించిన ఆ ఒక్కడే రాజగును, భటుడగును, తల్లియగును, బిడ్డయగును. గొంతు మార్చినంతనే పాత్ర మారును. నడక మార్చినంతనే లయ మారును.

తెలుగునాట ప్రతి సీమకును ఇట్టి గానకథా సంప్రదాయము కలదు. కరీంనగరము, ఆదిలాబాదు ప్రాంతముల బాలురకు ఒగ్గుకథ సుపరిచితము. మల్లన్న, బీరప్పల కథలను ఒగ్గు కథకులు డోలు, తాళములు మ్రోయగా రాత్రి తెల్లవార్లు చెప్పుదురు. శివుని ఢమరుకమును పోలిన ఒగ్గు అను వాద్యము వలననే ఆ కథకు ఆ పేరు వచ్చినది. ఆదిలాబాదు అడవులలో గోండుల వంశగాథలను ప్రధానులు కిక్రీ యను తీగవాద్యమును మీటక, కమానుతో పలికించుచు పాడుదురు. ఈ కథలను వినువారిలో పెక్కుమంది అక్షరములు ఎరుగనివారే. అయినను తాళము తప్పినచో వెంటనే గుర్తింతురు. చదువు లేని చెవికి సైతము గొప్ప శిక్షణ ఇయ్యవచ్చునని ఈ కళలన్నియు నిరూపించుచున్నవి. నారాయణదాసుగారి హరికథకు బలమిచ్చినదియు అట్టి శ్రోతల చెవియే.

యౌవనమున నారాయణదాసుగారు హరికథలతో పాటు అష్టావధానములను గూడ చేసిరి. అష్టావధానమున ఎనిమిదిమంది ఎనిమిది విధములుగా అవధానిని పరీక్షింతురు. ఒకడు పద్యమునకు సమస్య నిచ్చును. మరియొకడు ఒక వాక్యములోని అక్షరములను క్రమము తప్పించి, నడుమ నడుమ ఒక్కొక్కటిగా అందించును. చివరకు అవధాని వానిని కూర్చి వాక్యమును చెప్పవలెను. దీనిని వ్యస్తాక్షరి యందురు. ఇంకొకడు ఎప్పుడో ఒకప్పుడు, ఇష్టము వచ్చినన్ని మారులు గంట కొట్టును; సభ ముగియునప్పటికి మొత్తము ఎన్ని గంటలు మ్రోగినవో చెప్పవలెను. ఇతర అవధానులకు ఇంతమాత్రము సాధించుటయే మహాకష్టము. నారాయణదాసుగారు దీనికి సంగీతమును చేర్చిరి. రెండు పాదములతో రెండు తాళములు, రెండు చేతులతో మరి రెండు తాళములు వేయుచు, పల్లవి పాడుచు, అడిగిన స్థానమునకు ముక్తాయింపు తెచ్చి కలుపుచు, ఆ నడుమనే కవిత్వము చెప్పుచు, గంటలను లెక్కించుచుండిరి. అందుచే దీనికి అసాధ్యాష్టావధానమను పేరు కలిగెను.

ఇందలి కష్టము ఎట్టిదో లెక్క వేసి చూచినగాని తెలియదు. కర్ణాటక సంగీతమున ఏడు ముఖ్య తాళములు కలవు. ఒక్కొక్క దానికి తిస్రము, చతురశ్రము, ఖండము, మిశ్రము, సంకీర్ణము అను ఐదు జాతులు. కనుక తాళములు మొత్తము 35. తిస్రమునకు మూడు, చతురశ్రమునకు నాలుగు, ఖండమునకు ఐదు, మిశ్రమునకు ఏడు, సంకీర్ణమునకు తొమ్మిది అక్షరకాలములు. ఒక చేత మూటిని, రెండవ చేత నాలుగింటిని ఒకే వేగమున మొదలుపెట్టినచో, అవి రెండును తిరిగి ఒక్కచోట కలియుట పండ్రెండు లెక్కలు గడచిన పిమ్మటనే. మూడవదిగా ఐదును చేర్చినచో అరువది లెక్కలు కావలెను. ఏడును చేర్చిన 420, తొమ్మిదిని కూడ చేర్చిన 1260. క్షణమున కొక్క లెక్క చొప్పున సాగించినను ఐదును మరల ఒక్కసారి కలియుటకు ఇరువదియొక్క నిమిషములు పట్టును. అంతవరకును ఏ ఒక్కటియు మరియొక దానిని తన వైపునకు లాగుకొనకుండ చూచుకొనవలెను. ఇట్లు ఐదు లయలను ఒక్కసారి నడిపించు విద్యకు పంచముఖి యని పేరు. ఆ విద్యలో సాటిలేనివాడగుటచే నారాయణదాసుగారిని పంచముఖి పరమేశ్వరుడని పండితులు కొనియాడిరి.

ఒక్క మనస్సు ఒకేసారి పెక్కు ధ్వనులను వినగలదా యను ప్రశ్నను తరువాతి కాలమున శాస్త్రజ్ఞులు కూడ చేపట్టిరి. 1953వ సంవత్సరమున కాలిన్ చెర్రీ యను ఆంగ్ల శాస్త్రజ్ఞుడు ఒక ప్రయోగము చేసెను. వినువాని రెండు చెవులకును రెండు వేరువేరు ప్రసంగములను వినిపించి, ఒక దానిని వెంటవెంటనే పలుకుమని కోరెను. వినువాడు ఆ ప్రసంగమును చక్కగా పలికెను గాని, రెండవ చెవిలో ఏమి చెప్పబడెనో దాదాపు చెప్పలేకపోయెను. పురుషుని గొంతు పోయి స్త్రీ గొంతు వచ్చినదని మాత్రము గుర్తించెను; మాటల అర్థము మాత్రము పట్టుబడలేదు. చెవి తెరచియున్నను మనస్సు తిరిగిన వైపే వినికిడి కలదని ఇందువలన తేటపడెను. అట్లయినచో అవధాని చేయునదేమి? అతడు మనస్సును ఒక దానినుండి మరియొక దానికి తడబడక మరల్చును. విడిచిన దానిని విడిచిన చోటనే తిరిగి పట్టుకొనును. తాళముల విషయమున నాలుగింటిని నాలుగుగా గాక, ఒక్క అల్లికలోని నాలుగు పోగులుగా భావించును. పుట్టుకతో వచ్చిన ప్రజ్ఞ కొంత. నిత్యసాధనచే అలవడినది అంతకంటె ఎక్కువ.

ఇట్టి సామర్థ్యము గలవానికి ఒక అపాయము కూడ కలదు. చూచువారు విద్యను మరచి వింతనే మెచ్చుకొందురు. గారడివానిని చూచినట్లు నోరు తెరచి చూచి, ఇంటికి పోయి మరచిపోవుదురు. నారాయణదాసుగారు అవధానములతోనే తృప్తిపడియుండినచో ఆయన పేరు ఒక తరముతో ముగిసియుండెడిది. తాను సాధించిన లయజ్ఞానమును ఆయన కథకు సేవ చేయించిరి. గజేంద్ర మోక్షమున మొసలి ఏనుగు కాలు పట్టినప్పటి పెనుగులాటకు ఒక నడక, ఏనుగు అలసి దేవుని పిలుచునప్పటి దైన్యమునకు వేరొక నడక కావలెను. తాళము మారినట్లు శ్రోతకు తెలియనక్కరలేదు. గుండె వేగము మారినచో చాలును. రుక్మిణీ కల్యాణము, ప్రహ్లాద చరిత్రము, అంబరీష చరిత్రము, సావిత్రీ చరిత్రము, భీష్మ చరిత్రము మున్నగు కథలు ఇట్లు ఆయన నోట వెలసినవి. ధ్వనివర్ధకములు లేని ఆ కాలమున, ఆరుబయట కూడిన జనసమూహమునకు చివరి వరుస వరకు వినబడునట్లు గంటల తరబడి పాడుట ఆయనకు సహజమైయుండెను. విగ్రహము భారీది, కంఠము మేఘగర్జన వంటిది.

ఆయన కీర్తి ఉత్తరాంధ్రమున మొదలై మద్రాసు, మైసూరుల వరకు వ్యాపించెను. మైసూరు మహారాజు సభలో కథ చెప్పి సత్కారములు పొందిరి. కళాభిమానియైన విజయనగర ప్రభువు ఆనంద గజపతి తన ఆస్థానమున ఆయనకు స్థానమొసగెను. రాజాశ్రయము పొందినను నారాయణదాసుగారు ఎవరి యెదుటను తల వంచినవారు కారు. పండితుల సభలో ఎంత శ్రద్ధతో కథ చెప్పెడివారో, పల్లెటూరి గుడి ముంగిట అంతే శ్రద్ధతో చెప్పెడివారు.

1919వ సంవత్సరమున విజయరామ గజపతి మహారాజు విజయనగరమున సంగీత పాఠశాలను స్థాపించెను. ఆ స్థాపనకు ప్రేరణ ఒక అంధ బాలుడు. సంస్థానోద్యోగి యొకరి కుమారుడైన ఆ బాలునకు చూపు లేదు. సంగీతమునందు మాత్రము మిక్కిలి ఆసక్తి. అతనికి చదువు చెప్పించు మార్గమును వెదకుచు, చెవి ద్వారమున విద్య నేర్పు పాఠశాల అందరికిని ఉపకరించునని మహారాజు తలచెను. దానికి మొదటి అధ్యక్షులుగా నారాయణదాసుగారిని నియమించెను. తానెన్నడును సంగీత పాఠశాలలో చదువని విద్వాంసుడు సంగీత పాఠశాలను నడుపవలసివచ్చెను. గురువు దొరకని బాలుని కష్టమెట్టిదో ఎరిగినవారగుటచే, ఆ భారమును ఆయన సంతోషముతో వహించిరి.

పాఠశాలలో చేరగోరి వచ్చినవారిలో ద్వారం వేంకటస్వామి నాయుడు ఒకడు. అతడు 1893వ సంవత్సరమున జన్మించెను. చూపు మందగించుటచే పాఠశాల చదువు ఆగిపోయినది. అతడు విద్యార్థిగా చేరుటకు వచ్చి వయొలిన్ వాయించి వినిపించెను. దానిని విన్న నారాయణదాసుగారు అతనిని విద్యార్థిగా గాక ఆచార్యునిగా చేర్చుకొనిరి. అప్పుడతనికి ఇరువదియారేండ్లు. పట్టాలు చూడక, సిఫార్సులు చదువక, చెవితో విని చేసిన ఆ నిర్ణయము ఎంత సరియైనదో కాలము నిరూపించెను. ద్వారం వారు దక్షిణ భారతమున అగ్రగణ్యులైన వయొలిన్ విద్వాంసులై, 1941లో సంగీత కళానిధి బిరుదము పొందిరి. 1936లో నారాయణదాసుగారు పదవీ విరమణ చేసినప్పుడు ఆయన స్థానమును అలంకరించినవారు కూడ వారే. తరువాతి కాలమున ఘంటసాల వేంకటేశ్వరరావు కూడ పొట్ట చేతపట్టుకొని ఆ పాఠశాలను వెదకికొని వచ్చి, పట్రాయని సీతారామశాస్త్రిగారి శిష్యరికమున సంగీతము నేర్చెను.

నారాయణదాసుగారి చెవి స్వరములకే పరిమితము కాలేదు. భాషల నాదమును గూడ అది శ్రద్ధతో గ్రహించెను. సంస్కృతము, ఆంగ్లము, పారసీకము మున్నగు భాషలను ఆయన అభ్యసించిరి. ఉమర్ ఖయ్యాము రుబాయీలను ఫిట్జెరాల్డు ఆంగ్లములో వ్రాసినదానినే చదివి తృప్తిపడక, పారసీక మూలమును చదివిరి. ఆ రెండింటిని సంస్కృతములోనికిని, అచ్చ తెలుగులోనికిని పరివర్తనము చేసి 1932లో ప్రకటించిరి. సంస్కృత పదము లేని అచ్చ తెలుగున ఆయనకు ప్రత్యేకమైన మమకారము. పల్లె జనుల నోట వినిన పలుకులను తక్కువవిగా భావింపక, వానితో గౌరమ్మ పెండ్లి యను హరికథను నడిపించిరి. తొంబది రాగములను ఒక్క రచనలో గ్రుచ్చి దశవిధరాగ నవతికుసుమమంజరి యను మాలికను దేవికి సమర్పించిరి. ఒక రాగమునుండి మరియొక రాగమునకు పోవునప్పుడు మొదటి దాని నీడ రెండవ దానిపై పడరాదు. తొంబది మారులు చెవిని క్రొత్తగా శుభ్రపరచుకొన్నగాని అట్టి రచన సాధ్యము కాదు. తన జీవితములోని తొలిభాగమును నా యెఱుక యను పేర స్వయముగా వ్రాసికొనిరి. ఆత్మకథకు ఎఱుక యని పేరిడుటలోనే ఆయన స్వభావము తెలియుచున్నది. జరిగిన దానికంటె తెలిసిన దానికి ఆయన విలువ నిచ్చిరి.

1945వ సంవత్సరము జనవరి 2వ తేదీన నారాయణదాసుగారు కీర్తిశేషులైరి. అప్పటికి ఆయన వయస్సు ఎనుబది సంవత్సరములు. ఆయన చూపిన దారిలో ఎందరో హరికథకులు బయలుదేరి తెలుగుదేశమంతట కథలు చెప్పిరి. ఆయన మొదటి అధ్యక్షుడుగా నడిపిన పాఠశాల కళాశాలగా పెరిగి, సంగీత నృత్యములకు కేంద్రమైనది.

నాలుగు తాళములను నాలుగు అంగములతో వేయుట అందరికిని సాధ్యము కాకపోవచ్చును. ఆయన జీవితము ఉపదేశించునది అది కాదు. ఆ మహావిద్వాంసుని విద్యకు పునాది, వంటయింటి గడప యొద్ద కూర్చుండి తల్లి పద్యమును శ్రద్ధగా విన్న ఒక పసిబాలుని అలవాటు. శ్రద్ధతో వినువానికి గురువులు అడుగడుగునను దొరకుదురు. వినని వానికి గురువు ఎదుట నిలిచినను దొరకడు. చెవి అందరికిని ఉన్నది. దానిని విద్యాద్వారముగా చేసికొనుట ఎవరికి వారు చేసికొనవలసిన సాధన.